కోటు జేబులో చీటీ

ఆగండి, చేతిలో పని పక్కన పెట్టి ఒక్క నిమిషం వినండి. నేను ప్రధానమంత్రినై ఏడు నెలలైంది. ఈ ఏడు నెలల్లో సొంతంగా కనిపెట్టింది ఒకటే: తెల్లచీటీ.

వచ్చినవాళ్లు పది నిమిషాలు దాటి మాట్లాడుతుంటే మా సెక్రటరీ మడతపెట్టిన ఖాళీ కాగితం తెచ్చిస్తారు. నేను దేశం మునిగిపోతున్నట్టు మొహం పెట్టి లేస్తాను. ఆ మొహం అద్దం ముందు సాధన చేశాను కూడా. మొదట్లో చీటీ విప్పి చదివినట్టు నటించేదాన్ని. ఇప్పుడు అంత ఓపిక లేదు, మడత కాస్త ఎత్తి జేబులో వేసేస్తాను.

ఈ ఉదయం సిమెంటు సంఘం అధ్యక్షుడు పన్నులతో మొదలుపెట్టి వాళ్ల తాతగారి దాకా వెళ్లిపోయాడు. చీటీ వచ్చింది. మడత ఎత్తి, తలూపి కోటు జేబులో వేశాను. మొహం పెట్టాను, ఆయన్ని పంపించేశాను. తర్వాత కాళ్లు బల్ల మీద పెట్టుకుని హాయిగా బిస్కెట్లు నమిలాను.

సెక్రటరీ తలుపు తీశారు. రిటైర్మెంటుకి దగ్గరపడ్డ మనిషి, నేను బాబాయ్ అంటాను.

"ఏం చెప్పమంటారమ్మా?"

"ఎవరికి బాబాయ్?"

"డ్యాం ఇంజనీరుకి. అరగంట నుంచీ లైన్లో ఉన్నాడు. మీరు చీటీ చూసి తలూపారు కదా, ఆలోచిస్తున్నారని ఎవర్నీ లోపలికి రానివ్వలేదు."

జేబులోంచి చీటీ తీసి విప్పాను. ఈసారి ఖాళీ కాదు. నీళ్లు అంచుకొచ్చాయట. పదకొండులోపు గేట్లెత్తకపోతే కింద పట్టణం మునుగుతుందట. రెండు రాష్ట్రాల డ్యాం, నా మాట లేనిదే గేటు కదలకూడదు. టైము చూస్తే పదకొండుంబావు. ఫోన్ లాక్కున్నాను.

"ఎత్తేశానండి," అన్నాడు ఇంజనీరు. "మీ మాట రాలేదు, నీళ్లు ఆగలేదు. ఉద్యోగం పోతుందని మా ఆవిడకి చెప్పేశాను కూడా."

"ఏమన్నారావిడ?"

"వచ్చేటప్పుడు ఆఫీసులో టిఫిన్ బాక్సు మర్చిపోవద్దంది."

బాబాయ్ టీవీ పెట్టారు. ప్రధాని సకాలంలో తీసుకున్న నిర్ణయంతో పట్టణం క్షేమం. మైకుల ముందు సిమెంటాయన. "నా కళ్లముందే చీటీ చదివారు. ఎంత మథనపడ్డారో ఆ మొహంలోనే తెలిసింది."

నా నటనకి ఇంత మెప్పు ఎప్పుడూ రాలేదు.

బాబాయ్ రెండు కాగితాలు తెచ్చారు. "ఇది అనుమతి లేకుండా గేట్లెత్తినందుకు అతని సస్పెన్షన్. ఇది పదకొండుకి ముందే మీరు అనుమతిచ్చినట్టు. రెండోదైతే అతనికి ఉద్యోగం ఉంటుంది, మీకు పేరూ ఉంటుంది."

"మరి జరిగింది జరిగినట్టు చెబితే?"

"దానికి కాగితం టైపు చెయ్యలేదమ్మా."

తలుపవతల విలేకరులు కుర్చీలు జరుపుకుంటున్నారు. నా ఒళ్లో బిస్కెట్ పొడి ఇంకా అలాగే ఉంది. మీరైతే ఏం చేస్తారు?