ఎవరూ తియ్యని షాటు

ఇంకాసేపట్లో కిరీటం వస్తుంది, వస్తుందేమిటి, తియ్యందే ఎలా వస్తుంది, ఆమె చీకట్లో కుర్చీ చేతిని గట్టిగా పట్టుకుంది, తెర మీద రాజుగారి గుర్రాలు ఆర్కెస్ట్రా డ్రమ్ములకు అడుగు తప్పకుండా నడుస్తున్నాయి, నిజానికవి ఎవరి మాటా వినని గుర్రాలు, ఫిల్ము ముక్కలు కోసి అతికించి వాటికి బుద్ధి నేర్పింది ఎడిటింగ్ గదిలో తనే, పక్క సీట్లో అక్క ఊపిరి బిగబట్టింది, కెమెరా అక్కదే, పట్టాభిషేకం రోజున సింహాసనం దగ్గరికి ఆ ఒక్క కెమెరానే రానిచ్చారు, ఊరేగింపు మీద మోజుకొద్దీ ఫిల్మంతా తగలేసింది మహాతల్లి, తీరా కిరీటం పైకెత్తే వేళకు రీలు అయిపోయింది, కొత్తది ఎక్కించేసరికి కిరీటం రాజుగారి నెత్తిన కులాసాగా కూర్చుంది, ఆ రోజు అక్క ఒకటే గోల, కొంప మునిగిందే చెల్లీ, నాకిక కెమెరా ఎవరిస్తారే, నువ్వే ఏదో ఒకటి చెయ్యాలి, ఏం చెయ్యనే అక్కా, గిన్నె ఒకటి నా నెత్తిన బోర్లించి తీస్తావా, అని ఉడికించింది గానీ తనకూ కాళ్ళూ చేతులూ ఆడలేదు, కిరీటం లేకపోతే సినిమా డబ్బాలోనే ఉంటుందన్న నిర్మాత అదుగో ముందు వరసలో, ఇవాళే మొదటిసారి చూస్తున్నాడు.

వయొలిన్లు మెట్టు మెట్టుగా ఎక్కుతున్నాయి, వంచిన రాజుగారి తల, ఆ వెంటనే ఆయన నాయనమ్మ, అతిథుల్ని తీసే రెండో కెమెరాలో ఓ మూల దొరికిన ముసలావిడ, పారేసిన ముక్కల్లోంచి తనే ఏరుకుంది ఆవిణ్ణి, ముసలావిడ పట్టుకోబోయిన చేతుల్ని విదిలించి లేచింది, కళ్ళు పైకి వెళ్ళాయి, అక్కడ ఆగాయి, మెల్లగా, మెల్లగా కిందికి, మనవడి తల దాకా, తాళాలు ఫెళ్ళున మోగాయి, కిరీటంతో రాజుగారు, అబ్బ, హాలంతా లేచి నిలబడింది, చప్పట్లకు ఆర్కెస్ట్రా వినబడ్డం లేదు, ఏడుస్తున్నావేమే అక్కా, నువ్వేం తక్కువ తిన్నావా.

నిర్మాత జనాన్ని తోసుకుంటూ వచ్చాడు, ఆ కిరీటం పెట్టే షాటు చూస్తుంటే ఒళ్ళు జలదరించిందమ్మా, ఆ రాళ్ళ తళుకు, ఆ చేతుల వణుకు, అంత దగ్గర్నుంచి ఎలా తీశారండీ, అక్క కళ్ళు తుడుచుకుంది, నేను తియ్యలేదండీ, మా చెల్లి తీసింది, ఆయన పగలబడి నవ్వాడు, భలేవారే, ఎడిటరమ్మ కెమెరా ఎప్పుడు పట్టింది, అక్క నవ్వలేదు, తనకూ నవ్వు రాలేదు, గుండె పట్టనంత గర్వంగా ఉంది, తెర మీద లేనిదాన్ని ఇంతమంది చూశారు, రాళ్ళ తళుకుతో సహా చూశారు, అక్క అబద్ధమాడలేదు, ఆ షాటు తీసింది తనే.