గుడ్‌లెంగ్త్ మీద కొబ్బరికాయ

2009లో కామారెడ్డి టోర్నమెంటు ఫైనల్‌కు ముందు పెద్దమనుషులు ముగ్గురు పిచ్ మీదికొచ్చి తలా ఒక కొబ్బరికాయ కొట్టారు. మూడూ ఒక్కచోటే. ఆటగాళ్లు గుడ్‌లెంగ్త్ అనే చోట, బ్యాట్స్‌మన్ ముందు బంతి పడి లేచే చోట. మొదటి ఓవర్లోనే కార్క్ బంతి ఆ దెబ్బలకైన గుంటలో పడి, తోక తొక్కిన పాములా లేచి, బ్యాటింగ్ చేస్తున్న నగేశ్ చూపుడువేలు విరగ్గొట్టింది. వేలు వంకరగా అతుక్కుంది. బ్యాటు మీద పట్టు పోయింది.

"కాయ కొట్టినం గాబట్టి వేలుతోని పోయింది, లేకుంటె చెయ్యే పోతుండె" అని ఆ ముగ్గురూ పరామర్శించి వెళ్లారు. అంత దూరం ఆలోచిస్తారు కాబట్టే వాళ్లు పెద్దమనుషులు.

ఆడలేనివాడు కోచ్ కావడం లోకాచారం. నగేశ్ కూడా అయ్యాడు. వంకరవేలితో బంతి దారి చూపించి "నేరుగా ఆడుండ్రి" అంటే శిష్యులంతా పక్కకు ఆడేవారు. ఎల్లారెడ్డి దగ్గరి తండా నుంచి వచ్చిన ప్రేమ్‌సింగ్ ఒక్కడే వేలును చూడకుండా మాట విన్నాడు, పైకొచ్చాడు.

తర్వాత గొంతు బాగుందని నగేశ్‌కు కామెంట్రీ మైకు ఇచ్చారు. ఆడినన్నాళ్లు మంచినీళ్లు అడిగినా పలకనివాళ్లు ఇప్పుడు తమ పేరు చదవమని చాయ్ తెచ్చి పెట్టసాగారు. ఆ మర్యాద అతనికీ రుచించింది.

2014లో ఎల్లారెడ్డిలో ఫైనల్. ప్రేమ్‌సింగ్ ఓపెనర్, మైకు దగ్గర నగేశ్. జిల్లా జట్టుకు ఆటగాళ్లను ఎంచేవాళ్లు వచ్చి కూర్చున్నారు. టోర్నమెంటు పెట్టించిన హన్మంతు బుట్టెడు కొబ్బరికాయలతో పిచ్ మీదికి నడిచాడు. సరిగ్గా గుడ్‌లెంగ్త్ దగ్గర ఆగి చెయ్యెత్తాడు.

నగేశ్ రోజూ గుడికి వెళ్లేవాడే. కాయ మీద అతనికి కోపం లేదు. కానీ గుడ్‌లెంగ్త్ మీద కొడితేనే దేవునికి అందుతుందా? నోరు తెరిస్తే మైకు పోతుంది. మూస్తే ప్రేమ్‌సింగ్ వేలు పోవచ్చు. తన వంకరవేలు సలిపింది.

"హన్మంతన్నా, జర ఆగు! దేవుడు అంతట ఉంటడు. బౌండరీ కాడ కొట్టినా పట్టుకుంటడే!"

మైదానమంతా గొల్లుమంది.

"దేవునితోని మజాకా?" హన్మంతు అరిచాడు.

"దేవునితోని కాదన్నా. పిచ్‌తోని నువ్వే చేస్తున్నవ్!"

జనం ఇంకా నవ్వుతుంటే హన్మంతుకు ఎత్తిన చెయ్యి దించక తప్పలేదు. బౌండరీ దాకా నడిచి, కాయలన్నీ అక్కడున్న పిచ్ చదునుచేసే రోలర్‌కేసి కొట్టి, తిరిగొస్తూ నగేశ్ చేతిలోని మైకు లాక్కున్నాడు.

పిచ్ నున్నగా ఉంది. మొదటి బంతి దాన్ని ముట్టుకోనే లేదు. ఫుల్‌టాస్. ప్రేమ్‌సింగ్ మిడిల్ స్టంప్ ఎగిరిపోయింది.

"చూసిన్రా!" అని మైకులో హన్మంతు కామెంట్రీ మొదలైంది. "పిచ్ మీద కాయ కొట్టనియ్యకపోతే గిట్లనే అయితది!"

ప్రేమ్‌సింగ్ వచ్చి నగేశ్ పక్కన కూలబడ్డాడు. "అన్నా, నీ ఇజ్జత్ తీసిన."

"గ్లౌజులు తియ్యి."

నగేశ్ అతని వేళ్లు ఒక్కొక్కటీ వంచి చూశాడు. అన్నీ తిన్నగానే ఉన్నాయి.

"మళ్లొచ్చే ఏడు ఆడుతవ్ తియ్" అంటూ రోలర్ దగ్గరి కొబ్బరి ముక్కొకటి తెచ్చి, కళ్లకద్దుకుని, అతని అరచేతిలో పెట్టాడు.