ఎవరి బావ?

ఇటు జరిగి కూర్చోండి, వెనకవాళ్ళకీ వినబడాలి.

డాక్యుమెంటరీలు తీసేవాళ్ళకి పాత ఫిల్ము వెతికిపెట్టడం, దాని హక్కుదారు చేత అనుమతి పత్రం మీద సంతకం పెట్టించడం ఒకావిడ పని. ఆఫీసులో అందరూ ఆవిడని వెతుకులాటమ్మ అనేవారు. పొద్దున్నే దేవుడికో దణ్ణం, ఓ కప్పు కాఫీ, ఆపైన సాయంత్రం దాకా రీళ్ళ గదిలో దుమ్ము.

ఆ రోజు దణ్ణం కాస్త పొడుగైంది. వంతెన కట్టకముందు రేవు ఎలా ఉండేదో చూపించే నలభై సెకన్ల ముక్క దొరికింది గాని, హక్కుదారు దొరకలేదు. డబ్బా మీద గుండ్రటి అక్షరాలతో "బావ తీసింది" అని ఉంది, అంతే. ఎప్పటి గుమాస్తానో రిజిస్టరులో "హక్కుదారు: శ్రీ బావ గారు" అని ఎక్కించేశాడు. పాపం, ఆ పేరు పట్టుకుని రెండు నెలలు ఊరంతా ఫోన్లు చేసిందావిడ. సాయంత్రం అయిదులోగా సంతకం రాకపోతే ఆ ముక్క కత్తిరించేస్తారు, ఆవిడ ఉద్యోగమూ దాంతోపాటే.

"పేరు కాదేమోనమ్మా," అన్నాడు రీళ్ళ గది తాత. "ఎవరికో బావ అయ్యుంటాడు."

"ఎవరికో ఒకరికి బావ కానివాడెవడు తాతా?"

"రీల్లో ఉన్న ఆ పిల్లనే అడక్కపోయావా?"

రీళ్ళలోవాళ్ళు పలుకుతారు. కాకపోతే వరస కలిపి పిలవాలి. ఆ సంగతి గోడ మీద బోర్డులో కూడా రాసి ఉంది. ఈ ముక్కలో ఒకే ఒక పిల్ల, దుమ్ముకొట్టుకుపోయిన బస్సు పక్కన, మనకి వీపు పెట్టి నిలబడి ఉంది. వెతుకులాటమ్మ రీలు తెర మీద వేసి "అమ్మాయ్" అంది, "తల్లీ" అంది, "చెల్లెమ్మా" అంది. ఉలుకూ లేదు, పలుకూ లేదు.

మళ్ళీ డబ్బా చూసింది. ఆ రాత ఈ పిల్లదే అయితే? తీసినవాడు ఈ పిల్లకే బావ అయితే? అతని చెల్లెలు ఏమని పిలుస్తుంది?

"వదినా," అంది మెల్లగా.

ఆ పిల్ల గిరుక్కున తిరిగింది. మొహమంతా నవ్వు.

"మా అన్నయ్య ఎక్కడుంటాడు వదినా?"

మాటల్లేని రీలు కదా, బస్సు అద్దం మీది దుమ్ములో వేలితో రాసింది: గడియారాల సందు, మెట్ల కింది కొట్టు.

ఆ కొట్లో ఓ ముసలాయన గడియారం విప్పుకుని కూర్చున్నాడు.

"అన్నయ్యా."

"నాకు చెల్లెళ్ళు లేరమ్మా."

"ఇవాళ పొద్దుటినుంచి ఉన్నాను. వదిన పంపింది."

ఫోనులో ఆ ముక్క చూపించింది. ఆయన కంటి భూతద్దం తీసి పక్కన పెట్టాడు.

"ఆ వేళ ఎంత పిలిచినా తిరగలేదు. బస్సెక్కి వెళ్ళిపోయింది. రీలు పోస్టులో పంపాను, జవాబు లేదు. పారేసిందనుకున్నాను."

"దాచుకుంది. డబ్బా మీద రాత కూడా ఆవిడదే. ఏం రాసిందో చూడు."

ఆవిడ సంచిలోంచి తీసిచ్చిన డబ్బా అందుకుని ఆయన చూశాడు. "అమ్మయ్య," అన్నాడు, యాభై ఏళ్ళుగా మోస్తున్నది కింద పెట్టినట్టు. పైవాడు ఎవరిని ఎవరికి చుట్టం చేస్తాడో మనకేం తెలుసు చెప్పండి.

అయిదుకి పది నిమిషాలుందనగా హక్కుల గుమాస్తా ఆయన సంతకం పెట్టిన పత్రం అందుకుని కళ్ళజోడు సవరించుకున్నాడు. పేరు గడిలో "బావ" అని ఉంది.

"ఇదేం పేరమ్మా? ఎవరికి బావ?"

ఎదురుగా తెర మీద, రేవు దగ్గర, ఆ పిల్ల చెయ్యెత్తింది.

"సాక్షి కూడా ఉందిగా, ఇంకేం," అంటూ గుమాస్తా ముద్ర కొట్టాడు.