సర్కారు వకీలు వాంగ్మూలం

వరి కంకులు పాలు పోసుకుంటున్న వారంలోనే సెమాబు ఊరి మడుల్లోకి గనుల కంపెనీ బుల్‌డోజర్లు దిగాయి. అడ్డంపడిన ఆడవాళ్లను పోలీసులు జుట్టు పట్టి ఈడ్చారు. జెబ్బె అనే రైతమ్మ చేతిని లాఠీతో విరగ్గొట్టారు.

గట్టు మీద ఆగిన సర్కారు కారులోంచి వండీ కల్లోన్ ఇదంతా చూశాడు. ఆయన ఆ దేశపు అటార్నీ జనరల్, సర్కారు వకీళ్లందరికీ పెద్ద. ఆ ఊరి బిడ్డే, అక్కడి మెండే తెగవాడు. తల్లి పోయాక పెద్దమ్మ కూతురైన ఈ జెబ్బె అతన్ని వీపున కట్టుకుని పెంచింది.

లండన్‌లో లా చదివి వచ్చిన కొత్తలో తెల్లదొరల కోర్టులో రైలు కార్మికుల సమ్మె కేసు వాదించి గెలిచాడు వండీ. కార్మికులు భుజాల మీద ఊరేగించారు. స్వాతంత్ర్యం వచ్చింది. సర్కారు పిలిచింది. మొదట చిన్న వకీలు, తర్వాత పెద్ద వకీలు, ఆపైన మంత్రివర్గంలో కుర్చీ. మూడేళ్ల కిందట ఆయన రాసిన చట్టం ప్రకారం ఖనిజం దొరికిన నేలంతా సర్కారుదే. అడ్డుకుంటే రాజద్రోహం.

ఇప్పుడు మడులు వదులుకుంటున్నట్టు జనం చేత వేలిముద్రలు వేయించడానికి వచ్చాడు. చావడి కిటకిటలాడింది.

"కొత్త ఇళ్లు కట్టిస్తారక్కా. చట్టం దాటి నేనేం చెయ్యలేను" అన్నాడు.

విరిగిన చేతిని గుడ్డతో మెడకు కట్టుకుని లేచింది జెబ్బె. "ఆ చట్టం ఎవడు రాశాడ్రా?"

వండీ చేతిలోని కాగితాలు సర్దుకున్నాడు.

"నిన్నే. ఎవడు రాశాడు?"

"నేనే."

"అమ్మ ముండాకొడకా! ఈ మడి అన్నం తిని ఈ మడినే అమ్ముకున్నావా?" వెనకనుంచి ఒక ముసలామె అరిచింది.

"లండన్‌లో అన్నం చెట్లకి కాస్తుందేమో లేవే!" అంది ఇంకొకామె. నవ్వులు లేచాయి. ఆ నవ్వులు వండీకి తిట్లకన్నా ఎక్కువ తగిలాయి.

ఊరిపెద్ద చేతులెత్తాడు. "సర్కారుతో పెట్టుకోవడమంటే పొట్టేలు కొండను ఢీకొన్నట్టేనమ్మా. ఇచ్చింది పుచ్చుకుందాం."

"పుచ్చుకుని ఏం తింటాం పెద్దాయనా? ఇటుకలా?" అంది జెబ్బె. "కొండ మనల్ని వదిలేసి ఊరుకోదు. మీదికొస్తోంది. ఎవరిళ్లల్లో వాళ్లం ఉంటే ఒక్కొక్కళ్లనే నలిపేస్తుంది."

ఒక్క వేలిముద్ర కూడా పడలేదు. వండీ ఒట్టి కాగితాలతో రాజధానికి వెళ్లిపోయాడు. మర్నాడు ఆడవాళ్లు బాటకు అడ్డంగా పామాయిల్ చెట్ల మట్టలు కట్టి, వాటి వెనక బైఠాయించారు. మట్టలు కట్టిన బాట దాటకూడదని ఆ సీమలో పుట్టిన ప్రతివాడికీ తెలుసు. డ్రైవర్లు ఇంజన్లు ఆపి దిగిపోయారు. మూడోనాడు సైన్యం వచ్చి కాల్చింది. ఇద్దరు ఆడవాళ్లు బురదలోనే ప్రాణాలు వదిలారు. జెబ్బెతో కలిపి పద్నాలుగు మందిని రాజధాని జైలుకు తరలించారు.

రాజద్రోహం కేసు నడవాలంటే అటార్నీ జనరల్ సంతకం కావాలి. హోంమంత్రి స్వయంగా ఫైలు తెచ్చాడు.

"పెట్టు వండీ. నువ్వు కాకపోతే నీ కింద వాడు పెడతాడు."

"తెలుసు."

"మరి?"

"వాడినే పెట్టమనండి." వండీ కాగితం తీసి రాజీనామా రాశాడు. అది ధైర్యమో భయమో అతనికే తెలియలేదు.

విచారణ రోజున నల్లగౌను వేసుకుని ముద్దాయిల తరఫున నిలబడ్డాడు. బోనులోంచి జెబ్బె అడ్డుకుంది.

"మాకు వకీలొద్దు. మా గోడు మేం చెప్పుకోగలం. నువ్వు చెప్పాల్సింది వేరే ఉంది తమ్ముడూ. ఆ చట్టం ఎట్లా పుట్టిందో అది చెప్పు."

బయట అరుగు మీద రేవు కూలీలు, విద్యార్థులు కిటికీలకు చెవులు ఆనించారు. వండీ గౌను విప్పి బల్ల మీద పెట్టాడు. సాక్షి బోనెక్కాడు.

"అది శాసనసభలో పుట్టలేదు. కంపెనీ బంగళాలో పుట్టింది. టైపు చేసిన కాగితాలు నా చేతికిచ్చారు. నేను మార్చింది ఒక్క మాట. వాళ్లు జరిమానా అని రాస్తే నేను కొట్టేసి కఠిన కారాగారం అని రాశాను. వాళ్లు అడగలేదు. మెప్పు కోసం రాశాను."

"ఆపండి!" జడ్జి బల్ల గుద్దాడు. "ప్రభుత్వ రహస్యాలు!"

"రహస్యమేముంది? నా ఊరు చచ్చిపోయింది."

వండీ చేతులకు బేడీలు పడ్డాయి. ఆ మధ్యాహ్నమే పద్నాలుగు మందికీ ఏడేళ్ల కఠిన శిక్ష వేశారు. అందరినీ ఒకే లారీలోకి తోశారు.

"జరగండే, వీడికి కాస్త చోటివ్వండి" అంది జెబ్బె.

"ఏదీ ఆపలేకపోయానక్కా" వండీ వెక్కివెక్కి ఏడ్చాడు. "మడి పోయింది. మీ బతుకులు పోయాయి."

"పోయాయి" అంది జెబ్బె. ఓదార్చలేదు. "నీ పాపం నేను కడగలేను. నోరు తెరిచావు, అంతవరకే. ఏడుపు ఆపి విను."

బయట ఎవరో అతని వాంగ్మూలాన్ని మెండే మాటల్లో గట్టిగా అరిచి చెబుతున్నారు. ఒక్కో మాటకూ జనం హోరెత్తుతోంది. లారీ కదిలింది. నాలుగు గజాలు పోయి ఆగిపోయింది. రోడ్డంతా జనం కూర్చున్నారు. చేపలమ్మే ఆడవాళ్లు, రేవు కూలీలు, కాలేజీ పిల్లలు.

"లేవండి!" సైనికాధికారి అరిచాడు. ఎవరూ లేవలేదు.

తుపాకులు పేలాయి. ముందు వరసలో ఒక రేవు కూలీ పక్కకి ఒరిగిపోయాడు. అతన్ని వెనక్కి చేరవేశారు. ఆ ఖాళీలోకి ఇద్దరు జరిగి కూర్చున్నారు.