అమెరికా పెట్టె, దుబాయ్ పెట్టె

హేమంత్‌కుమార్ తన పాత వీడియో గేమ్ పెట్టెను తుడిచి, ఆ ఫొటో వాట్సాప్ స్టేటస్‌లో పెట్టాడు. చూడగానే నా కడుపు మండింది. నలభై నాలుగేళ్లొచ్చినా మండింది.

చిన్నప్పుడు ఆకివీడులో మావి పక్కపక్క ఇళ్లు. వాళ్ల నాన్న దుబాయ్ నుంచి ఆ పెట్టె, దానితోపాటు పెద్ద టీవీ తెచ్చాడు. నెల తిరక్కుండా అమెరికాలో నర్సుగా ఉన్న మా విజయకుమారి పిన్ని నాకూ అలాంటి పెట్టే పంపింది. మాదీ రంగుల టీవీయే, అయినా తగిలిస్తే బొమ్మ నలుపు తెలుపు. ఆటలో ఎర్రపిట్టను కొట్టాలి, పచ్చపిట్టను వదలాలి. నాకు రెండూ బూడిదరంగే. "మా టీవీకి పెట్టి చూస్తానుండు" అని హేమంత్ నా పెట్టె పట్టుకెళ్లి, రెండు రోజులకు తెచ్చిచ్చాడు.

"మాదాంట్లోనూ ఇంతేరా జీవన్. మీ పిన్ని పాడైంది పంపింది."

నమ్మాను. పిన్నికి థ్యాంక్స్ చెబుతూ ఒక ఉత్తరం కూడా రాయలేదు. హేమంత్ స్కోరు చూసి కుళ్లుకుంటూనే పెద్దవాణ్ణయ్యాను.

ఇప్పుడా స్టేటస్ చూశాక ఆగలేక, నా పెట్టెను అటక మీంచి దించి ఏలూరులో సత్తిబాబు రిపేరు షాపుకి తీసుకెళ్లాను. అతను విప్పి చూసి నవ్వాడు.

"పాడవలేదండీ. ఇది అమెరికా మోడలు. పైకి దుబాయ్‌దానిలాగే ఉంటుంది గానీ లోపల బోర్డు వేరండి. దీని రంగులు మన పాత టీవీలకు అందేవి కావు. పైగా ఇది సెకనుకు అరవై బొమ్మలు వేస్తుంది, దుబాయ్‌ది యాభయ్యే. అదే ఆట దీంట్లో చురుగ్గా ఉంటుందండి."

"మరి దుబాయ్ టీవీలో అయితే?"

"అక్కణ్ణుంచి వచ్చినవి చాలావరకు రెండు రకాలూ చూపించేవండి. రంగులు రావాల్సిందే."

షాపులోని కొత్త టీవీలో ఎర్రపిట్ట ఎగిరింది. నా పెట్టెలో దాని ఎరుపు చూడడం నాకదే మొదటిసారి. ఆనందం కంటే ముందు కోపం వచ్చింది.

నేరుగా ఆకివీడు వెళ్లాను. హేమంత్ చెరువు గట్టున నిలబడి చేపలకు మేత వేయిస్తున్నాడు.

"నా పెట్టెకి మీ టీవీలో రంగులొచ్చాయా, లేదా? నిజం చెప్పు."

అతను మేత బస్తా మీద కూర్చున్నాడు.

"వచ్చాయిరా. నాదానికంటే జోరుగా పరిగెత్తింది కూడాను. ఆ రెండు రోజులూ నాకు అన్నం సయించలేదు. నీకా రంగులు కూడా తెలిస్తే నా స్కోరు నిలిచేదా? ఇప్పటికీ నా పెట్టె ఆన్ చేస్తే నీదే గుర్తొస్తుంది. నాది నత్తలా నడుస్తున్నట్టుంటుంది."

తిట్టాలనే వెళ్లాను. కానీ ముప్పై ఏళ్లుగా వీడు నన్ను చూసి ఏడుస్తున్నాడట! ఆ ముక్క అప్పుడే చెప్పి ఉంటే, ఆ బూడిదరంగు పిట్టలతోనే ఎంత దర్జాగా బతికేవాణ్ణి!