హాలు నిండేదాకా

నేను ఒక పది నిమిషాల ఫిల్ము రీలును. అసలు సినిమాకు ముందు వేసే ఆటపాటల చిన్న బొమ్మను. మద్రాసులో ఒక నిర్మాత, తన సినిమా సెట్టు విప్పేలోపు, మిగిలిన ఫిల్ముతో నన్ను చుట్టి పారేశాడు. ఒక గారడీవాడు, ఇద్దరు నర్తకీమణులు, చిట్టచివర మంగతాయారు పాట. తీసినవాడికే నేనంటే లెక్కలేదు, ఇక చూసేవాళ్లకు ఉంటుందా?

ప్రేక్షక మహాశయుల్ని ఊరూరా చూశాను. నేను ఆడుతుంటే వీళ్లు కుర్చీలు వెతుక్కుంటారు, సోడాలు తాగుతారు, ముందువాడి తలపాగా తియ్యమని తగువులాడతారు. హాలు నిండేదాకా కాలక్షేపానికే నన్ను వేస్తారు. నిండగానే ఎక్కడున్నానో చూడకుండా ఆపేస్తారు. మేనేజర్లందరిదీ ఇదే రివాజు.

పాపం, ఆ సంగతి మంగతాయారుకు తెలియదు. ఆమెది పాలకొల్లు. సినిమాలో పాడిందని, సంగీతం నేర్పిన నరసింహాచార్యులుగారు ఆమెతో మాట్లాడటం మానేశారు. నేను ఆ ఊరు రాగానే, ఒక్కసారి విని అప్పుడు తిట్టమని ఆయన్ని బతిమాలి ఒప్పించింది. గురువుగారి ముందు ఖాళీ కుర్చీలకు పాడినట్టు ఉండకూడదని, వీధి వీధినంతా పెందలాడే తెచ్చి కూర్చోబెట్టింది.

మేనేజరు బంగార్రాజు తొంగిచూశాడు. హాలు కిటకిటలాడుతోంది. గారడీవాడు టోపీ తీయకముందే నన్ను ఆపించాడు. మంగతాయారు పరుగున వచ్చి పాట మిగిలిపోయిందంది.

"జనం వచ్చేశారు కదమ్మా, ఇంకా అదెందుకండి?" అన్నాడు ఆ రసికుడు.

అసలు సినిమా నడిచింది. అందులో నాయిక పాట వచ్చింది. ఆచార్యులుగారికి చూపు ఆనదు. ఆట అయ్యాక గేటు దగ్గర, నా డబ్బా పక్కనే నిలబడి శిష్యురాలి తల నిమిరారు.

"యంత్రం నీ గొంతు మార్చేసిందే తాయారూ. అయినా, ఇంత బాగా నువ్వెప్పుడూ పాడలేదు."

ఏళ్ల తరబడి తాను దిద్దిన గొంతును పోల్చుకోలేని మహానుభావుడు! ఆమె ఆయన కాళ్లకు దండం పెట్టి, "అంతా మీ చలవండి" అంది. నాకు ఒళ్లు మండిపోయింది.

ఇప్పుడు పాత సామాన్ల కొట్లో ఉన్నాను. నాలో కాస్త వెండి ఉందట, మందునీళ్లలో వేసి కడిగి తీస్తారట. కొట్టువాడు నన్ను వెలుతురుకు ఎత్తి చూశాడు. గారడీవాడి మీద అన్నీ గీతలే. పాట మీద ఒక్క గీత లేదు. ఏ ఊళ్లోనూ నన్ను అక్కడిదాకా ఆడించలేదు మరి.

"ఈ ముక్క కొత్తదానిలా ఉందే" అని మురిసిపోయి, ముందు దాన్నే కత్తిరించి మందునీళ్ల తొట్టిలో వేశాడు.