మూగబొమ్మ ముందు హార్మోనియం

నేను ఒక కాళ్ళ హార్మోనియాన్ని. కాలితో తొక్కితే ఊపిరి, చేత్తో నొక్కితే స్వరం. ఇప్పుడు నన్నొక అద్దాల గదిలో కూర్చోబెట్టి, 'మూకీ సినిమాల నాటి వాద్యం' అని చీటీ తగిలించారు. ఒళ్ళు మండిపోతోంది. ఆ చీటీ రాసిన మహానుభావుడికి తెలిసింది నా చివరి రోజుల ఖర్మ మాత్రమే. నేను నాటకాల దాన్నయ్యా!

పుట్టింది కలకత్తాలో. టేకు ఒళ్ళు, ఇత్తడి నాలుకలు. తెనాలి నాటక సమాజం వారు రైల్లో తెప్పించుకుని బుడే సాహెబు చేతికి అప్పగించారు. మంచి చెయ్యి. ఎదురుగా వేదిక మీద గుండవరపు శేషావతారం గారు. ఆయన రాజు వేషం కట్టి, అడవిలో నిద్రపోతున్న భార్యను వదిలి వెళ్ళే పద్యం ఎత్తుకున్నారంటే పందిట్లో పసిపిల్లలు కూడా ఏడుపు మానేవారు. ఆ రోజుల పద్ధతి మీకు తెలియదేమో. పద్యం భార్యను ఉద్దేశించి చెప్పినా, మొహం మాత్రం నా వైపు, జనం వైపు ఉండాలి. అయ్యాక చేతులు కట్టుకుని నిలబడాలి. జనం 'వన్స్ మోర్' అనేదాకా కథ కదలదు, ఆ మహాతల్లి నిద్ర లేవదు. ఎవరూ తప్పు పట్టేవారు కాదు.

అంతలో మద్రాసు నుంచి సినిమావాళ్ళు దిగారు. ఆయన రూపం చూశారు, గొంతు జోలికి పోలేదు. "ఒక్కసారి ఆడితే వందూళ్ళు చూస్తాయండీ" అన్నారు. పొగడ్త చెవిన పడితే మనిషి బుద్ధి గడ్డి తింటుంది. ఆయన సరేనన్నారు. శ్రుతి లేనిదే నోరు పెగలదని నన్నూ, బుడే సాహెబునూ వెంటబెట్టుకెళ్ళారు.

అక్కడ ఒక తోటలో, ఎండలో, చిత్రం తీస్తున్నారు. నన్ను చూసి డైరెక్టరు నవ్వాడు.

"ఈ పెట్టె ఎందుకండీ? మా బొమ్మలో శబ్దం రాదు. నోరు ఆడించండి, చాలు."

"పద్యం పాడకుండా నాకు ఏడుపెట్టా వస్తదయ్యా? నేనేమన్నా కొయ్యబొమ్మనా?" అన్నారాయన.

అని, పాడారు. నా వైపు తిరిగి, చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని, నోరు బారెడు తెరిచి రాగం తీశారు. బొమ్మ పట్టే యంత్రం పిడి తిప్పేవాడు తిప్పుతూనే ఉన్నాడు. పద్యం అయ్యాక అలవాటు ప్రకారం చేతులు కట్టుకుని నిలబడ్డారు. అక్కడ వన్స్ మోర్ అనే దిక్కెవరు, కొమ్మ మీద కాకి తప్ప? "కదలండి, కదలండి!" అని డైరెక్టరు గోలపెట్టినా కదలలేదు. ఎండ పోతోంది, ఫిల్ము ఖరీదైనది, అందుకని అదే ఉంచేశారు. "అయ్యా, మీ గొంతు జనానికి అందదు, తెరిచిన నోరే కనబడుతుంది" అని ఒక్కడైనా ఆయన్ను కూర్చోబెట్టి చెప్పాడా? చెప్పలేదు. అందమైన మొహం దొరికింది కదా, గొంతు ఎవడిక్కావాలి!

ఆయన మద్రాసులోనే ఉండిపోయారు, మేం తెనాలి తిరిగొచ్చాం. రాజు వేషగాడు లేక సమాజం మూతబడింది. బుడే సాహెబు పొట్టకోసం నన్ను బండెక్కించుకుని బెజవాడ సినిమా డేరాలో చేరాడు. తెర పక్కన కూర్చుని, బొమ్మ పరిగెత్తితే పరుగు వాయింపు, బొమ్మ ఏడిస్తే ఏడుపు వాయింపు. థూ, అదీ ఒక బతుకేనా!

కొన్నాళ్ళకు ఆ చిత్రమే ఆ డేరాకు వచ్చింది. ఊళ్ళో గోడలన్నిటి మీదా శేషావతారం గారి పేరే. మొదటి ఆటకు ఆయనా వచ్చారు. కిరీటమూ మీసమూ లేని ఆయన్ను ఎవరూ గుర్తుపట్టలేదు. ముందు బెంచీ మీద కూర్చుని, "పద్యం కాడ జనం ఏమంటారో చూడాల సాయిబూ. నాకు అదొక్కటే కావాల" అన్నారు.

తెర మీద రాజు నోరు తెరిచాడు. తెరిచిన నోరు మూయడే!

"పిప్పిపన్ను పీకించుకుంటన్నాడ్రోయ్!" అని ఒకడు కేకేశాడు. డేరా అంతా గొల్లుమంది. "పెళ్ళాం అటుంటే ఇటు చూసి ఏడుస్తాడేందిరా!" అని ఇంకొకడు.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. బుడే సాహెబుకూ ఎక్కినట్టుంది. వాయిస్తున్నది ఆపేసి, పాత శ్రుతి పట్టి వదలకుండా తొక్కాడు. శేషావతారం గారు లేచారు. తెర ముందుకు వచ్చి, జనం వైపు తిరిగి, ఆ పద్యమే ఎత్తుకున్నారు. అబ్బ, ఆ గొంతు! మొదటి పాదానికే నవ్వు తగ్గింది. ఆయన బొమ్మే ఆయన చొక్కా మీద పడి ఆడుతోంది. ఇక జనం లేస్తారనుకున్నాను.

లేచారు.

"ఎవడ్రా అది, బొమ్మకు అడ్డం!"

"కూర్చోవయ్యా పెద్దమనిషీ! నీ పాట తరవాత పాడుకుందువుగాని. శేషావతారం కనపడట్లేదు!"

ఆయన పద్యం సగంలో ఆపేశారు. 'నేనేరా' అని ఒక్క మాట అనలేదు. అనాల్సింది! నాకు నోరుంటే నేనే అనేదాన్ని. తెరకు అడ్డం రాకుండా నడుము వంచుకుని, గోడవారగా నడిచి బయటికి వెళ్ళిపోయారు. తెర మీద ఆయన నోరు ఇంకా తెరుచుకునే ఉంది.

"ఏం సాయిబూ, నిద్రపోతన్నావా? వాయించు!" అని డేరా యజమాని కసిరాడు.

వాయించాం.